ఓర్లీనత్త పిండి కుంచె

"వంపు చూడు అల్లుడూ, వంపు. పీచుకి కడుపూ వీపూ ఉంటాయి. కడుపులన్నీ ఒకపక్కకే చూడాలి. నువ్వు పేర్చిన కట్టలో మూడు పోచలు వెనక్కి తిరిగి కూర్చున్నాయి, విందులో అలిగిన చుట్టాల్లాగా."

నేను ఆ మూడింటినీ వెతికి తిప్పేలోపు ఓర్లీనత్త నాలుగోదాన్ని పట్టుకుంది. కళ్ళజోడు నుదుటి మీదే ఉంది. పీచు సంగతికొస్తే ఆమె బొటనవేలితోనే చూస్తుంది.

"మూడన్నావు గదత్తా."

"తిప్పుతూ తిప్పుతూ ఇంకోదాన్ని చెడగొట్టావు. కాఫీ తాగు. కట్ట ఇటివ్వు."

ప్రతి మంగళవారం నేను మా వైపు పెద్దవాళ్ళను వ్యానులో క్లినిక్కుకు తీసుకెళ్ళి తీసుకొస్తాను. చివరగా దిగేది ఓర్లీనత్త. ఆమె ట్రెయిలర్ ఇంటి మెట్ల మీద కాఫీ నాకు రాసిపెట్టి ఉంటుంది, దానితోపాటే ఏదో ఒక పని కూడా. ఆమె పినతండ్రి మనవరాలిని పెళ్ళాడి నేను ఈ కొండల్లోకి వచ్చి ఇరవై రెండేళ్ళు దాటింది. ఆ వరసన నేను ఆమెకు అల్లుణ్ణి. ఈ కొండల్లో పుట్టిపెరిగిన మోనో తెగవాళ్ళందరికీ ఆమె అత్తే అనుకోండి.

ఆమెకు డెబ్బై ఆరేళ్ళు. కుంచెలు కడుతుంది. గోడలకు సున్నం కొట్టే కుంచెలు కావు. రోట్లోంచి పిండి ఊడ్చే కుంచెలు. ఓక్ కాయల్ని ఎండబెట్టి, పప్పు తీసి, రోట్లో దంచితే వచ్చే పిండి మెత్తగా పౌడరులా ఉంటుంది. చేత్తో తీస్తే సగం చేతికే అంటుకుంటుంది. దాన్ని ఊడ్చడానికి జానెడు పొడవు కుంచె కావాలి. ఆ కుంచె కోసం సబ్బుగడ్డ కావాలి. చిట్టడవి వాలుల్లో, ఓక్ చెట్ల ఎడంలో, ఎండకు పగిలిన నేలలో పెరిగే అడవి పువ్వు అది. కింద గడ్డ పిడికిలంత ఉంటుంది. దాని చుట్టూ కొబ్బరి పీచులాంటి ముదురు రంగు పీచు. లోపలి తెల్లటి గుజ్జును నీళ్ళలో రుద్దితే నురగ వస్తుంది, ఉడకబెట్టి నలిపితే జిగురవుతుంది. అంటే కుంచెకు కావలసిన పోచలూ, పిడికి పూసే జిగురూ, పని అయ్యాక కుంచెను కడిగే సబ్బూ ఒక్క గడ్డలోనే ఉంటాయి. అంగడికి వెళ్ళే పని లేదు. ఓర్లీనత్తకు ఆ గడ్డ నచ్చడానికి ముఖ్యమైన కారణం అదేనని నా అనుమానం.

ఒక కుంచెకు పన్నెండు గడ్డల పీచు పడుతుంది. పీచును కడిగి, దువ్వి, కడుపులన్నీ ఒకవైపుకు పేర్చి, నార తాడుతో బిగించి, పిడి మీద జిగురు పూత వేస్తుంది. ఎండాక ఇంకో పూత. అలా తొమ్మిదో పదో. చివరికి పిడి ఎండిన ఎముకలా గట్టిపడుతుంది. అప్పుడు అరచేతి మీద టపటపా కొట్టి చూస్తుంది. ఒక్క పోచ రాలినా కుంచెను విప్పేస్తుంది.

"ఎవరికత్తా ఈ కుంచె?"

"నాకే."

"నీకుంది గదా, పాతది."

"ఉండేది. అరవై ఎనిమిదేళ్ళ మన్ను ఊడిస్తే ఏ కుంచె మిగులుద్దీ? నువ్వు పక్కనే ఉన్నావుగా."

నిజమే, ఉన్నాను.

కంచరగాడిద మలుపు దగ్గర రోడ్డుకు ఎగువన ఒక వాలుంది. ఓర్లీనత్త గడ్డలు తవ్వేది అక్కడే. వాళ్ళమ్మ తవ్విందీ అక్కడే. ఆ నేల రోడ్ల ఆఫీసుది. కానీ ఎండలు ముదిరి ఆకులు మాడిపోయాక ఒక ముసలామె కర్రతో నాలుగు గడ్డలు తవ్వుకుంటే ఏ ఆఫీసు అడ్డం వస్తుంది? తీసిన ప్రతి గడ్డకూ అడుగుభాగాన్ని వేళ్ళతో సహా కోసి, అదే గుంటలో పెట్టి మట్టి కప్పుతుంది. అది మళ్ళీ గడ్డవుతుంది. అందుకే ఆ వాలు ఎన్నేళ్ళు తవ్వినా తరగలేదు.

కిందటి జూన్‌లో ఆ వాలంతా గులాబీ రంగు రిబ్బన్లు కట్టిన కొయ్యలు దిగాయి. దుంగల లారీలు తిరగడానికి మలుపు ఇరుకైందని, వాలును కోసి రోడ్డును నేరుగా చేస్తారట. కొయ్యలు పాతిన కుర్రాడి పేరు గ్రేడీ. మంచివాడు. ఎండకు చెవులు కందిపోయి, చేతిలో కాగితాలు బిగించిన అట్టతో నిలబడి ఉన్నాడు. నా పాత పికప్ దిగి అత్త నేరుగా అతని దగ్గరికి నడిచింది.

"ఏం కనపడుతుంది నాయనా నీకిక్కడ?"

"ఎండు గడ్డి, మేడం. రాళ్ళు. అక్కడక్కడా పుల్లలు."

"ఆ పుల్లలకి చివర ఏమున్నాయ్?"

అతను వంగి చూశాడు. "మొగ్గలా? వాడిపోయినట్టున్నాయి."

"పొద్దున పదింటికి వచ్చి చుట్టాలు నిద్రపోతున్నారంటే ఎట్టా? సాయంత్రం ఆరున్నరకి రా."

వచ్చాడు. అది అతని మంచితనం. ముగ్గురం వాలు మధ్యలో నిలబడ్డాం. ఎండ వాలి కొండ నీడ మా మోకాళ్ళ దాకా వచ్చేసరికి, రొమ్ము ఎత్తున్న ఆ పుల్లల మీద మొగ్గలు ఒక్కొక్కటే విచ్చుకున్నాయి. సన్నటి తెల్లటి రేకులు వెనక్కి ముడుచుకుని, కేసరాలు బయటికి చాచి. ఒక్కో పువ్వుకు ఉన్నది ఒక్క సాయంత్రమే; తెల్లారేసరికి మెలిపడి పోతుంది. తుమ్మెదలు ముందే వచ్చి కాచుకున్నట్టు ఒక్కసారిగా మూగాయి. గ్రేడీ చాలాసేపు ఫోటోలు తీశాడు. తర్వాత అట్ట తిరగేసి, ఏదో వెతికి, ముఖం చిన్నబుచ్చుకున్నాడు.

"ఇది జాబితాలో లేదు మేడం. అరుదైన మొక్క కాదు. ఈ కొండల్లో ఎక్కడ చూసినా ఉంటుంది."

"ఎక్కడ చూసినా ఎందుకుందనుకున్నావ్? మేం తవ్వి తవ్వి పెట్టబట్టి."

"దానికి కాగితంలో గడి లేదు," అన్నాడు పాపం. "పాతకాలం నాటిదేదైనా ఉంటే వేరు. దంచుకునే బండ లాంటిది. ఉంటే రోడ్డు గీతను పక్కకు జరపాల్సిందే, రూలు. కానీ ముప్పై ఏళ్ళ కిందట ఒకాయన వచ్చి చూసి రాశాడు, ఇక్కడేమీ లేదని. 'స్థానికురాలు ఒకామె కూడా లేదనే చెప్పింది' అని ఉంది. శుక్రవారం నా కాగితం పైకి పోవాలి."

అది సోమవారం. అత్త నేరుగా వచ్చి బండి ఎక్కింది. ఓర్లీనత్త నోరు విప్పకుండా నాలుగు మైళ్ళు ప్రయాణం చేయడం నేనెప్పుడూ చూడలేదు. ఇంటి ముందు దిగుతూ అప్పుడు చెప్పింది.

"ఆ స్థానికురాల్ని నేనే, అల్లుడూ."

ఆ బండ ఉంది. వాళ్ళమ్మా, అమ్మమ్మా, అంతకు ముందువాళ్ళూ దంచుకున్న బండ, నిండా రాతిలోనే గుంటలుగా అరిగిన రోళ్ళతో. ఓర్లీనత్తకు ఎనిమిదేళ్ళప్పుడు పట్నం నుంచి కార్లలో మనుషులు రావడం మొదలైంది. పక్క లోయలోని బండ మీద పొత్రాలన్నీ ఎత్తుకుపోయారు, రోళ్ళ పక్కన ఉలితో పేర్లు చెక్కిపోయారు. అది చూసొచ్చిన రోజే వాళ్ళమ్మ ఇద్దరు కూతుళ్ళకూ బకెట్లిచ్చింది. మూడు రోజులు మట్టి మోసి బండను కప్పేశారు. ఎవరికీ చెప్పకూడదని మాట తీసుకుంది. ఓర్లీనత్త చెప్పలేదు. అడిగినవాడికి లేదని చెప్పింది. అంత బాగా మాట నిలబెట్టుకుంది కాబట్టే ఇప్పుడు బుల్‌డోజరు వస్తోంది.

రెండో కూతురు ఓర్లీనత్త అయితే మొదటి కూతురు ఐవా. ఎనభై నాలుగేళ్ళు. పక్క ట్రెయిలర్‌లోనే ఉంటుంది. మంగళవారం క్లినిక్కుకు పోతూ వ్యానులోనే అక్కాచెల్లెళ్ళకు మొదలైంది.

"మాటిచ్చాం," అంది ఐవా.

"ఇచ్చాం."

"అయితే ఇంకేంది?"

"అమ్మ దాచమంది. లారీలకింద వెయ్యమందా?"

"అమ్మ చెప్పొద్దంది. నేను చెప్పను. అప్పటికి పదహారేళ్ళ దాన్ని, నాకన్నీ గుర్తున్నాయి. నీకేం గుర్తు? బకెట్‌లో సగం మన్ను దారంతా ఒలకబోసేదానివి."

"అయితే చోటు చూపించు."

"చూపించడం చెప్పడం కాదా? చిన్నప్పుడూ తెలివి ఇంతే దీనికి," అని ఐవా నాతో అంది, చెల్లెలు వినకూడదన్నట్టు, ఆమె వినేంత గట్టిగా.

చిక్కు అదే. ఓర్లీనత్తకు బండ ఉన్నదని తెలుసు, ఎక్కడో తెలియదు. ఎనిమిదేళ్ళ పిల్లకు వాలంతా ఒక్కటే. కప్పాక ఆ పక్కకు పోనివ్వలేదు వాళ్ళమ్మ. తర్వాత ఏటా తవ్వుకున్నా, పూలూ ఆకులూ పోయి పుల్లలు విరిగిపోయే రోజుల్లో, పట్టపగలు తవ్వుకునేది. ఎక్కడ గడ్డ తగిలితే అక్కడ.

బుధవారం పొద్దున్నే నా పికప్‌లో బయల్దేరాం. చెల్లెల్ని ఒంటరిగా పంపితే కాలు విరగ్గొట్టుకుంటుందని ఐవా కూడా ఎక్కింది, బీన్సూ వేయించిన రొట్టెలూ డబ్బాలో పెట్టుకుని. మలుపు దగ్గర చెట్టు నీడలో ఆపబోతే వద్దంది.

"ఇక్కడ చీమలు. రోడ్డుకి అవతల పెట్టు."

"అవతల ఎండ గదా."

"ఎండ నా ఎముకలకి మంచిది. ఇంకొంచెం ముందుకి. ఇంకొంచెం. అదీ. బండి తల ఇటు తిప్పి పెట్టు."

పెట్టాను. ఆమె అద్దం దించుకుని వాలుకు ఎదురుగా కూర్చుంది.

గునపం నేను పట్టుకున్నాను. అత్త చూపించిన చోటల్లా దింపాను. దింపిన చోటల్లా రాయి ఖణేలుమంది. ఆ కొండ కడుపునిండా రాళ్ళే. మధ్యాహ్నానికి నా చేతులు బొబ్బలెక్కాయి. ఐవా అద్దంలోంచి ఉండి ఉండి కేకేసేది. "బావికా తవ్వేది? నీళ్ళు పడితే చెప్పండి, కాఫీ పెడతా." ఓర్లీనత్త ఆమె వైపు చూడకుండా, "ఆమె నోరు మూయించడానికి ఒక రోలు కావాలి, అది దొరకట్లా" అనేది. కానీ మూడు దాటాక జోకులు ఆగిపోయాయి. అత్త ఒక రాయి మీద కూర్చుని మోకాళ్ళు పట్టుకుంది. శుక్రవారానికి ఇక రెండు రోజులే ఉన్నాయి.

"నేనే లేదన్నాను," అంది మెల్లగా. "నేను లేదంటే అది నిజంగానే పోయినట్టుంది."

చీకటి పడేలోపు తినమని ఐవా పిలిచింది. రోడ్డు దాటి వెళ్ళి, బండి ముందు గట్టు మీద, వాలుకు ఎదురుగా ముగ్గురం కూర్చున్నాం. రొట్టె తుంచుకుని బీన్సులో అద్దుకుని తిన్నాం. ఎండ వాలింది. ఎదుటి వాలు మీద మొగ్గలు విచ్చుకోవడం మొదలైంది. ముందు అక్కడొకటి ఇక్కడొకటి. తర్వాత కొండంతా తెల్లటి పొగ పట్టినట్టు.

ఓర్లీనత్త నోట్లో రొట్టె అలాగే ఉండిపోయింది.

"అల్లుడూ, అక్కడ ఎందుకు లేవు?"

నేను చూశాను. వాలుకు మూడొంతుల ఎత్తులో, పొగకు చిల్లు పడ్డట్టు, పడుకున్న ఆవంత ఖాళీ. చుట్టూ పూలు దట్టంగా, అంచు గీసినట్టు. లోపల ఒక్క పుల్ల లేదు. మొన్న వాలు మధ్యలో నిలబడ్డాం కాబట్టి అది మాకు కనపడలేదు. ఇక్కడికి వచ్చి కూర్చుంటే తప్ప కనపడదు.

"గడ్డ మూరెడు లోతు దిగితేగానీ బతకదు," అంది అత్త. లేచి నిలబడింది. "కింద బండ ఉంటే ఎక్కడికి దిగుద్దీ? మేం పోసింది జానెడు మన్ను. అమ్మ మా చేత చుట్టూ గడ్డలు పెట్టించింది. మీద కాదు, చుట్టూ." అప్పుడు అక్క వైపు తిరిగింది. "చీమలన్నావు."

ఐవా రొట్టె మీది ఉప్పు దులుపుకుంది. "ఉన్నాయి చీమలు. నేనేం చెప్పాను? ఎండకి కూర్చున్నా."

గురువారం పొద్దున గ్రేడీ వచ్చేసరికి ముందురోజు గుర్తుపెట్టిన చోట నేను పారతో మట్టి పైపొర తీసేశాను. రాయి తగిలాక అత్త పార లాగేసుకుంది. ఆ పైన చేతులతో. చేతుల తర్వాత తన కుంచె తీసింది. పిండి తప్ప ఇంకేదీ తాకని కుంచె అది. దాన్ని మట్టిలో పెట్టబోతుంటే నా ప్రాణం ఉసూరుమంది. ఆమె ఆగలేదు. మోకాళ్ళ మీద కూర్చుని, లోపలి నుంచి బయటికి, చుట్టూ తిప్పుతూ, పిండి ఊడ్చినట్టే ఊడ్చింది. మట్టి కింద మొదటి రోలు నోరు తెరిచింది. నున్నగా, గుండ్రంగా, లోపల ఇంకా ఎన్నాళ్ళ పిండి వాసనో ఉన్నట్టు. గ్రేడీ టోపీ తీసి కింద పెట్టి, ఆమె పక్కన మోకాళ్ళూనాడు.

"చెయ్యి పెట్టు."

పెట్టాడు. మోచేయి దాకా దిగింది.

"మీ పాత కాగితంలో ఒకామె లేదని చెప్పిందని ఉంది గదా. ఆ ఒకామె నేను. దిద్దుకో."

"ఎందుకట్లా చెప్పారు మేడం?"

"అడిగినాయన టోపీ తియ్యలా," అంది. కాసేపు ఊడ్చి మళ్ళీ అంది: "మా అమ్మ చెప్పొద్దంది. నువ్వు రాసుకున్నది ఎవరెవరు చూస్తారు?"

ఇలాంటి చోట్లు బయట దొరికే మ్యాపుల్లో ఎక్కవని అతను చెప్పాడు. వేరే ఫైలు, తాళంలో ఉంటుంది, అడగడానికి మీవాళ్ళకే హక్కు. అత్త అతని ముఖం ఒకటికి రెండుసార్లు చూసి, సరేనంది.

ఎండ నెత్తికెక్కేసరికి అయిదు రోళ్ళు తేలాయి. కుంచె పోచలు అరిగి సగమయ్యాయి. గ్రేడీ కొలతలు తీసి, "అయిదు" అని రాసుకుంటున్నాడు. అప్పుడు బండి తలుపు చప్పుడైంది. ఐవా కర్ర పోటేసుకుంటూ రోడ్డు దాటి, వాలెక్కి, నాలుగుచోట్ల ఆగి రొప్పి, బండ దగ్గరికి వచ్చింది.

"ఏడు," అంది.

"అయిదే కనపడ్డాయి మేడం."

"కనపడింది చెప్పడం తప్పుకాదు గదా. బయటపడ్డదాన్ని ఏం దాస్తాం? మా చెల్లెలి కాలి పక్కన మన్ను తియ్యి. చిన్నవి రెండున్నాయి. ఒకటి నాది, ఒకటి దీనిది. అమ్మ దంచుతుంటే మమ్మల్ని పక్కన కూర్చోబెట్టి మాకూ చెరో గుప్పెడు కాయలిచ్చేది."

ఓర్లీనత్త తన కాలి పక్కన ఊడ్చింది. కాఫీ కప్పంత లోతున్న రెండు గుంటలు, పక్కపక్కన. ఆమె ఒకదాంట్లో పిడికిలి పెట్టింది. పట్టలేదు.

"ఇది నాదా?"

"అది నాది. నీది ఆ వంకరది. అప్పుడూ తిన్నగా దంచేదానివి కాదు."

ఆగస్టులో ఉత్తరం వచ్చింది. కోత రోడ్డుకు అవతలి గట్టు వైపు పడుతుందట. వాలు జోలికి రారు. ఉత్తరాన్ని ఐవా చదివించుకుని, అవతలి గట్టు మీద కూడా చీమలున్నాయి, పోతే పోనీ అంది.

ఇదంతా తలుచుకునేలోపు నా కాఫీ చల్లారిపోయింది. ఓర్లీనత్త కట్టను తాడుతో బిగించి, పళ్ళతో ముడి లాగింది. పొయ్యి మీద జిగురు ఉడుకుతోంది. రేపటికి మొదటి పూత, వచ్చే వారానికి పిడి గట్టిపడుతుంది. ఆ పై శనివారం అక్కాచెల్లెళ్ళిద్దరూ ఆ బండ మీద ఓక్ కాయలు దంచుతారు. అరవై ఎనిమిదేళ్ళ తర్వాత ఆ బండ మీది పిండితో మొదటి జావ. మా ఆవిడ అప్పుడే పెద్ద కుండ తీసి కడిగిపెట్టింది.

"రాయి ఇసక వదులుద్దేమో అత్తా, ఇన్నాళ్ళు మట్టికింద ఉంది."

"మొదటి దంపుడు పారబోస్తాం. రెండోది ఐవాకి పెడతాం, దానికి పళ్ళు లేవు గాబట్టి ఇసక తెలియదు. మూడోది నీకు." పీచు దులుపుకుంటూ లేచి లోపలికి పోయింది. తడి కాగితంలో చుట్టిన పొట్లం తెచ్చి నా ఒళ్ళో పెట్టింది. విప్పి చూస్తే పన్నెండు గడ్డల అడుగుభాగాలు, వేళ్ళతో.

"పోతూ పోతూ మలుపు దగ్గర ఆపి ఇవి పాతిపెట్టు. వేళ్ళు కిందకి, మూరెడు లోతు. నీళ్ళు పొయ్యకు, వాన చూసుకుంటుంది. బండ అంచునే పెట్టు, ఖాళీలోకి మాత్రం రానివ్వకు. మా తర్వాత వెతికేవాళ్ళకి ఆ ఖాళీ కావాలి."

"ఏ పక్క అంచున పెట్టమంటావు?"

"ఐవాని వెంట తీసుకుపో. ఎక్కడ పాతాలో అడిగితే చెప్పదు. బండి ఎక్కడ పెట్టమంటుందో చూసి, దానికి ఎదురుగా పాతు."